ఒట్టు దింపమని వచ్చిన ముత్తమ్మ

సరోజనమ్మను మనం కిందటి వారం కోదాడ నుంచి సూర్యాపేటకు వచ్చే బస్సులో, కిటికీకి తల ఆనించి నిద్రపోతుండగా వదిలిపెట్టాం. ఒళ్లో స్టీలు డబ్బా, డబ్బాలో పసుపు కలిపిన బియ్యం. పక్క సీట్లో సునీత, ఆమె చేతిలో కుంకుమ భరిణె. ఇద్దరూ ఓట్లు అడిగి వస్తున్నారు. ఆ ఓట్లు సూర్యాపేటవీ కావు, కోదాడవీ కావు. అమెరికాలో హాల్‌బ్రూక్ అనే ఊరివి.

ఆ ఊళ్లో నగర కౌన్సిల్‌కు ఉమారాణి నిలబడింది. ఉమారాణి తొమ్మిదేళ్లపాటు సరోజనమ్మ కోడలు. ఆమె, సరోజనమ్మ కొడుకు యుగంధర్ అక్కడే విడిపోయారు. యుగంధర్ తిరిగివచ్చి సూర్యాపేటలో రంగుల దుకాణం పెట్టుకున్నాడు, సునీతను పెళ్లి చేసుకున్నాడు. ఉమారాణి అక్కడే ఉండిపోయింది. కోర్టు మొగుడూ పెళ్లాలనైతే విడదీసింది కానీ, ఆదివారం ఆదివారం సరోజనమ్మకు వచ్చే ఫోనును విడదీయలేకపోయింది.

సరోజనమ్మ ఒకప్పుడు ఆ ఊరు వెళ్లి ఆరు నెలలు ఉండి వచ్చింది. ఆ పదేళ్ల వీసా ఇప్పటికీ బీరువాలో బతికే ఉంది. అక్కడి ఎన్నికలు ఆమెకు కొంత తెలుసు. మైకు కట్టిన ఆటోలు ఉండవు, చౌరస్తాల్లో ఫ్లెక్సీలు ఉండవు. ఇళ్ల ముందు గడ్డిలో పేరు రాసిన చిన్న అట్టలు గుచ్చుతారు. నిలబడ్డ మనిషే కాలినడకన తిరిగి తలుపు తలుపు కొడుతుంది. కుక్కలు మొరుగుతాయి, కొందరు తలుపు తీయరు. కిందటిసారి ఉమారాణి వార్డులో గెలిచినాయన ఓ పది ఇళ్ల ఓట్లతోనే గట్టెక్కాడు. సరిగ్గా అన్ని ఇళ్లే తెలుగువాళ్లవి ఉన్నాయి అక్కడ. ఆరా తీస్తే, ఆ ఇళ్ల ఆడవాళ్లందరి పుట్టిళ్లూ కోదాడ, మిర్యాలగూడ వైపే తేలాయి. ఇంకేం, సరోజనమ్మ డబ్బాలో బియ్యం పోసుకుని బయలుదేరింది. కూతుళ్లు అక్కడుంటే అడగవలసింది ఇక్కడి తల్లులను కదా అనుకుంది. భర్త పోయిన మనిషి కనుక తాను బొట్టు పెట్టకూడదు. బొట్టు పెట్టడానికి సునీతను వెంటబెట్టుకుంది. బొట్టు పెట్టించి, బియ్యంలో చెయ్యి పెట్టించి, ఒట్టు వేయించుకుంది. ఇదంతా ఉమారాణికి చెప్పలేదు.

ఆ ఇళ్లలో సరోజనమ్మ ఏమేం మాట్లాడిందో చెప్పుకున్నాం. ఒక్క మాట మాత్రం చెప్పుకోలేదు. అది ఇవాళ ముత్తమ్మ నోటి నుంచి రావలసి ఉంది.

* * *

సోమవారం పొద్దున సరోజనమ్మ వాకిట్లో స్టూలు మీద కూర్చుని చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తోంది. బస్సుల్లో తిరిగి తిరిగి కాళ్లు వాచాయి. మోకాళ్లకు రాసుకున్న మందు వాసన ఇంకా చేతికే ఉంది. మళ్లీ లేచి ఇంట్లోకి వెళ్లే ఓపిక లేక చిక్కుడుకాయలను అక్కడికే తెప్పించుకుంది. యుగంధర్ దుకాణానికి వెళ్లిపోయాడు. వంటింట్లో సునీత గిన్నెలు తోముతోంది.

అక్కడ పోలింగ్ రేపు. సరోజనమ్మ వేళ్లు చిక్కుడుకాయల మీద ఉన్నాయి కానీ, మనసు ఆ ఇళ్ల చుట్టూ తిరుగుతోంది. జానమ్మ బిడ్డ వేస్తుందా? కోదాడలో జానమ్మ మర్యాదగానే మాట్లాడింది. “వేస్తుందండీ, వేయకుండా ఎక్కడికి పోతుంది. కాకపోతే మా అల్లుడుగారిని ఒక మాట అడిగి వేస్తుందండీ” అంది. ఆ అల్లుడిగారి దగ్గరే సరోజనమ్మకు గుబులుగా ఉంది.

గేటు చప్పుడైంది. చూస్తే మిర్యాలగూడ ముత్తమ్మ. పిండిగిర్ని నడిపే ముత్తమ్మ. ఆ రోజు అందరికంటే గట్టిగా ఒట్టు వేసింది ఆమే.

“రా వదినె, రా. గింత పొద్దుగాల్నే ఎట్ల వచ్చినవ్?”

“ఎట్ల వస్త? బస్సుల నిలవడి వచ్చిన. ఫ్రీ బస్సు పెట్టిండ్రు గని కూసునే సీటు పెట్టలేదు సర్కారు. ఆధార్ కార్డు చూపిచ్చి ఒంటికాలి మీద వచ్చిన.”

సరోజనమ్మ నవ్వింది. శుభవార్తే తెచ్చిందనుకుంది. ముత్తమ్మ బిడ్డ సంతోషి అక్కడ ఓటు వేసేసి ఉంటుంది, ఆ మాట చెప్పడానికే వచ్చి ఉంటుంది. కానీ బిడ్డ ఓటు వేసిందని చెప్పడానికి ఎవరైనా ఇంత దూరం వస్తారా అని కూడా అనిపించింది. “సునీతా, నీళ్లు తే” అని కేక వేసింది.

సునీత చెంబు తెచ్చి ఇచ్చి లోపలికి వెళ్లింది. ముత్తమ్మ అరుగు మీద కూర్చుని చెంబును పక్కకు జరిపింది.

“తాగు వదినె. ఎండన పడి వచ్చినవ్.”

“తాగను. నా ఒట్టు దింపినంక తాగుత.”

సరోజనమ్మ చేతిలో చిక్కుడుకాయ అలాగే ఉండిపోయింది.

“ఏమైంది?”

“సంతోషి ఓటు ఎన్నడో ఏసింది. వాళ్లకు ఓటు కాయితం ఇంటికే వస్తదట, పోస్టుల. నింపి డబ్బల ఏస్తే అయిపోయె. మీరు మా ఇంటికి రాకముందే ఏసేసింది. కిందటిసారి గెలిచిన గా ముసలాయనకు ఏసింది.”

“ఆయనకా? ఎందుకు?”

“మొన్న వానలకు వాళ్ల ఇంటి కింద అర్రలకు నీళ్లొచ్చినయట. వీళ్లు ఫోన్ చేస్తే ఆయనే రబ్బరు బూట్లేసుకుని వచ్చి, దగ్గర నిలవడి మోరి తీపిచ్చిండట. ‘అమ్మా, ఉమక్క మంచిదే గని మా మోరి తీపిచ్చింది ఆయన గదనే’ అంటది. నేనేమనాలె దానికి?”

సూర్యాపేటలో మోరీ తీయించిన కౌన్సిలర్ ఉంటే సరోజనమ్మ అయినా అతనికే వేసేది. ఒక ఓటు పోయిందే అన్నది ఆమెకు వచ్చిన మొదటి ఆలోచన. ఆ వెంటనే ముత్తమ్మ మొహం సరిగా చూసింది. రెండు రోజులుగా నిద్రలేని కళ్లు అవి.

“పోనియ్యి వదినె. ఓటుదేముంది…”

“ఓటు సంగతి కాదక్కా. నేను ఏమని ఒట్టేసిన? ‘నా బిడ్డ మీద ఒట్టు, నా బిడ్డ ఓటు మీ కోడలికే’ అన్న. నువ్వు అడగలే, నిజమే. నువ్వు చెయ్యి పెట్టమన్నవ్, అంతే. నా నోరే మంచిది కాదు, జోరు మీద అనేసిన. గని అన్నప్పుడు వద్దని నువ్వు కూడ అనలే.”

అనలేదు. ఆ క్షణం సరోజనమ్మకు బాగా గుర్తుంది. ముత్తమ్మ అలా అనగానే లోపల ఒక సంతోషం పొంగింది. బిడ్డ మీద వేసిన ఒట్టు తప్పదు అనుకుంది.

“ఏడో నెల దానికి. మొన్న కాళ్లు చేతులు వాసి, కండ్ల ముందర చీకట్లు కమ్మినయట. బీపీ పెరిగిందని దవాఖానల ఉంచిండ్రు. ఫోన్ల మొఖం చూసిన. ఇంత లావు అయింది. నా బిడ్డ మొఖం నేనే గుర్తు పట్టలే.” ముత్తమ్మ కొంగుతో ముక్కు తుడుచుకుంది. “ఒట్టు తప్పింది సరోజనక్కా. నేను ఎయ్యకముందే తప్పిపోయింది.”

బీపీ అందరికీ వస్తుంది, మందులిస్తే తగ్గుతుంది, ఒట్టుకూ దానికీ ఏం సంబంధం అని చెప్పాలనిపించింది సరోజనమ్మకు. నోటిదాకా వచ్చింది కూడా. కానీ ఒట్టులో బలం లేదని చెప్పాలంటే తాను ఇన్నాళ్లూ ఈ కాళ్లతో తిరిగిందంతా ఉత్తదే అని చెప్పాలి. ఆమెకు ఒట్టు మీద నమ్మకం లేకపోతే ఆ బియ్యం డబ్బాను ఊరూరా మోసేదే కాదు.

“డాక్టర్లు ఏమంటున్నరు?”

“చూస్తున్నం అంటున్నరు. వాళ్లు చూడవల్సింది వాళ్లు చూస్తరు. నేను చూడవల్సింది నేను చూడాలె గద.” ముత్తమ్మ కాస్త ముందుకు జరిగింది. గొంతు తగ్గించింది. “నా బిడ్డ ఇంకో మాట చెప్పింది. ఉమారాణి నీ కోడలు కాదట గద.”

వంటింట్లో కుళాయి ఆగిపోయింది.

“నీ కొడుక్కు ఆమెకు ఎన్నడో తెగిపోయిందట. ఊరంత ఎరుకేనట ఆడ. నీ కొడుకు మల్ల పెండ్లి చేసుకున్నడట. నా నొసట బొట్టు పెట్టిన పిల్లనే నీ కోడలట. నువ్వు మాకేం చెప్పినవ్? ‘నిలవడ్డది మా కోడలు, ఈమె మా చుట్టాలమ్మాయి’ అని చెప్పినవ్. అన్నవా లేదా?”

“అన్న.”

“ఎందుకన్నవ్?”

కోడలు అంటేనే తలుపులు తెరుచుకుంటాయి. ఒకప్పటి కోడలు అంటే ఎవరు తెరుస్తారు? ఒకప్పటి కోడలి కోసం ఇప్పటి కోడలు బొట్టు పెడుతోందంటే నవ్విపోరా? అందుకే అంది. అందుకేనా? మొదటి ఇంట్లో ఆ మాట నోటికి వచ్చినప్పుడు అబద్ధం ఆడుతున్నట్టే అనిపించలేదు ఆమెకు. అది తలచుకుంటేనే ఇప్పుడు భయం వేస్తోంది.

సునీత చాయ్ తెచ్చింది. రెండు గ్లాసులూ అరుగు మీద పెట్టి, అక్కడే గోడకు ఆనుకుని నిలబడింది. ముత్తమ్మ ఆమె వంక చూడలేక తన చేతుల వంక చూసుకుంది.

“నీకెట్ల మనసొప్పింది బిడ్డా? నీ పెనిమిటి మొదటి పెండ్లాం కోసం ఇల్లిల్లు తిరిగి బొట్టు పెట్టినవా?”

“అత్తమ్మకు మోకాళ్లు నొస్తయి. ఒక్కతే బస్సు ఎక్కలేదు” అంది సునీత.

అంతే అంది. ఆ మాటలో కోపం ఉంటే సరోజనమ్మ తట్టుకునేది.

“నేను మా పెద్దత్తను అడిగిన” అంది ముత్తమ్మ. “తొంభై దగ్గరవడ్డది, ఇసొంటివన్నీ ఎరికే ఆమెకు. అబద్ధం మీద ఏపిచ్చుకున్న ఒట్టు, ఏపిచ్చుకున్నోళ్లే దింపాలె అన్నది. అవే బియ్యంల చెయ్యి పెట్టి, అబద్ధమాడిన నోటితోనే నిజం చెప్పాలె. అప్పుడు అది ఒట్టే కాకుంట పోతది. నా బిడ్డ తల మీది నుంచి దిగిపోతది.”

“ఏమని చెప్పాలె?”

“ఉన్నదే చెప్పాలె. ఉమారాణి నా కోడలు కాదు అని చెప్పాలె.”

సరోజనమ్మకు ఒక అలవాటు ఉంది. ఫోను మాట్లాడటం అయిపోయాక ఎర్ర బొత్తాం తాను ఎప్పుడూ నొక్కదు. అవతలివాళ్లు పెట్టేయాలి. ఉమారాణికి ఆ సంగతి తెలుసు. “అత్తమ్మా, ఇగ నేనే పెట్టేస్త, సరేనా?” అని నవ్వి పెట్టేసేది. భర్తను అంబులెన్సులో హైదరాబాద్ తీసుకుపోయిన రోజు, ఆయన చెయ్యి ఊపితే, “రేపు పొద్దున వస్త గద” అని ఈమె తిరిగి చెయ్యి ఊపలేదు. రేపు పొద్దున ఆయనే వచ్చాడు, తెల్లగుడ్డలో. అప్పటినుంచి ఏ మాటనూ చివరి మాటగా అనడం ఆమె వల్ల కాదు. కోర్టు పని ముగిసిందని కొడుకు చెప్పినప్పుడూ అంతే. “ఇగ ఉమ మనకేం కాదమ్మా” అన్నాడు వాడు. “నీకు కాదేమో” అని లోపలికి వెళ్లిపోయింది.

“రేపు ఒక్కదినం ఆగరాదు వదినె?” అంది సరోజనమ్మ. తన గొంతు తనకే బిచ్చమెత్తుతున్నట్టు వినిపించింది. “రేపు వాళ్లకు ఓట్లు. నీ ఒట్టు దింపితే నువ్వు జానమ్మకు చెప్తవ్…”

“చెప్పాలె గద. ఆమె బిడ్డలు బిడ్డలు కారా? ఆమె కూడ చెయ్యి పెట్టింది గద బియ్యంల.”

“చెప్తే ఇంక ఎవ్వరు ఎయ్యరు. తిరిగి తిరిగి ఉమ బూట్లు అరిగినయి వదినె. పిల్లల బడి కాడ సిగ్నల్ లైటు కావాల్నని రెండేండ్లు ఆ ఆఫీసు చుట్టు తిరిగింది. ఇయ్యకపోతేనే నిలవడ్డది. ఎల్లుండి పొద్దున నేనే మిర్యాలగూడెం వచ్చి, మీ ఇంట్లనే చెయ్యి పెట్టి చెప్త. ఒక్క దినం.”

ముత్తమ్మ కూడా అలిసిపోయి ఉంది. చివరకు నెమ్మదిగానే అడిగింది.

“ఎల్లుండి దాక నా బిడ్డ ఆగుతదా అక్కా? నువ్వు చెప్పు, ఆగుతదంటే ఇప్పుడే లేచి పోత.”

వీధిలో కూరగాయల బండివాడు మైకులో టమాటల ధర చెప్పుకుంటూ వెళ్లాడు.

“సునీతా, డబ్బ తే” అంది సరోజనమ్మ.

దేవుడి అలమరలో పెట్టిన డబ్బాను సునీత తెచ్చింది. పళ్లెంలో బియ్యం పోసి స్టూలు ముందు పెట్టింది. ఎన్ని చేతులు పడ్డాయో ఆ బియ్యంలో, పసుపు రాలి అక్కడక్కడా తెల్లగింజలు తేలాయి. సరోజనమ్మ చెయ్యి పెట్టింది. మందు వాసన, పసుపు వాసన కలిసిపోయాయి.

“ఉమారాణి నా కొడుకు భార్య కాదు.”

“నీ కొడుకు సంగతి నాకొద్దు. ఆయన నాకేం చెప్పలే. చెప్పింది నువ్వు.”

సరోజనమ్మ కళ్లు మూసుకుంది. హాల్‌బ్రూక్‌లో మంచు పడిన ఒక పొద్దున గుర్తొచ్చింది. తను జారిపడుతుందని ఉమారాణి ముందు నడుస్తూ, ప్రతి అడుగునూ గట్టిగా తొక్కుతూ, “నా అడుగుల్లనే అడుగులెయ్యి అత్తమ్మా” అంటోంది. చలికి దాని ముక్కు ఎర్రబడింది. ఈ మాట దానికి వినిపించదు. దానికి ఇప్పుడు రాత్రి. ఈపాటికి పడుకుని ఉంటుంది. వినిపించకపోతే మాత్రం?

“ఉమారాణి నా కోడలు కాదు” అంది.

“మరి నీ కోడలెవరు?”

“సునీత. సునీత నా కోడలు.”

చెప్పడం అయ్యాక కూడా చెయ్యి తీయాలని తోచలేదు ఆమెకు. ముత్తమ్మే ఆమె మణికట్టు పట్టుకుని మెల్లగా పైకి తీసింది. పిడికెడు బియ్యం కొంగులో ముడి వేసుకుంది. తర్వాత చెంబెత్తి నీళ్లన్నీ గటగటా తాగేసింది. చాయ్ చల్లారిపోయినా అదీ తాగింది. ఆమె భుజాలు కిందికి దిగడం సరోజనమ్మకు కనిపించింది.

గేటు దగ్గర ముత్తమ్మ వెనక్కి తిరిగింది.

“ఆ పిల్ల గెలిస్తె మంచిదే అక్కా. నాకేం పగ లేదు. మోరీల సంగతి కూడ జర చూడమని చెప్పు.”

ఆమె సందు చివరికి వెళ్లకముందే ఫోను చెవికి పెట్టుకోవడం గేటులోంచి కనిపించింది. కోదాడకే అయి ఉంటుంది.

* * *

సునీత పళ్లెంలోని బియ్యాన్ని తిరిగి డబ్బాలో పోస్తోంది. ఒక గింజ కూడా కింద పడకుండా, అరచేత్తో అంచును మూసి పోస్తోంది.

“సునీతా.”

“ఊ.”

“ఆ దినం చుట్టాలమ్మాయి అన్న. నువ్వు పక్కనే ఉన్నవ్. అప్పుడే ఎందుకు అడగలే నన్ను?”

“మొదటి ఇంట్ల ఏమనిపియ్యలే అత్తమ్మా. పని కోసం అన్నవ్ అనుకున్న. రెండో ఇంట్ల కూడ అంతే.” సునీత మూత పెట్టింది. “ఇగ ఆఖరుకు వచ్చేవరకు నాకే అనిపించింది, నేను చుట్టాలమ్మాయినే కావొచ్చని. మంచిగనే పెట్టిన బొట్టు. చుట్టాలమ్మాయి లెక్కనే పెట్టిన.”

సరోజనమ్మ ఆమె చెయ్యి పట్టుకోబోయింది. తన చేతికి పసుపు ఉందని ఆగింది.

“ఇప్పుడు చెప్పిన గద బిడ్డా. బియ్యంల చెయ్యి పెట్టి చెప్పిన.”

“చెప్పినవ్” అంది సునీత. “జర ఆలస్యమైంది.”

“ఏం ఆలస్యం?”

సునీత అరుగు మీద కూర్చుంది. ముత్తమ్మ తాగిన గ్లాసును అటూ ఇటూ తిప్పింది.

“నిన్న ఆదివారం గద. నువ్వు మోకాళ్ల నొప్పులకు గోలేసుకుని పండుకున్నవ్. ఉమక్క ఫోన్ చేసింది. నేను ఎత్తిన. ఎప్పుడు చేసినా నీకిస్త, నిన్న నేనే మాట్లాడిన. నువ్వు కోదాడ, మిర్యాలగూడెం తిరిగి ఆమె కోసం ఒట్లు ఏపిస్తున్నవని చెప్పిన. నవ్వుతదనుకున్న. ఏడ్చింది.”

“ఏడ్చిందా?”

“మస్తు సేపు ఏడ్చింది. ఏడ్చి, ‘గెలిచినా ఓడినా సరే, అత్తమ్మను నా దగ్గరికి పంపు సునీతా, నేను ఉంచుకుంట’ అన్నది. మల్ల వాపస్ ఎప్పుడు పంపుతవ్ అని మాత్రం అడగకు అన్నది.”

సరోజనమ్మ నీళ్ల చెంబు కోసం చూసింది. ముత్తమ్మ ఒక్క చుక్క మిగల్చలేదు.

“నువ్వేమన్నవ్?”

“నేనేమంట? నిన్నటిదాక నువ్వు ఇల్లిల్లు చెప్పిన మాటనే అన్న. ‘అత్తమ్మ కోడలివి నువ్వే గద అక్కా, తీస్కపో’ అన్న.”

సునీత లేచి, గ్లాసులు రెండూ ఒకదాంట్లో ఒకటి పెట్టుకుంది. వంటింటి గడప మీద ఒక్క క్షణం ఆగింది, కానీ వెనక్కి తిరగలేదు.

“పొద్దుగాల నీ టికెట్ పంపింది. ఆయనకు ఇంక చెప్పలే.”